అన్ని క్షణాలూ ఒకేసారి ఉంటే

(కాల్పనిక విజ్ఞాన కథలు రాసేవారి శిబిరంలో చేసిన ప్రసంగానికి అక్షర రూపం)

అందరికీ నమస్కారం.

ఈ శిబిరానికి మీరు పంపిన కథల్లో ఒకటి వారం రోజులుగా నన్ను వదలడం లేదు. రాసిన అమ్మాయి ఈ గదిలోనే ఉంది. ఆమె అనుమతితోనే మాట్లాడుతున్నాను, పేరు మాత్రం చెప్పను. ఆ కథలో ఒక యంత్రం ఉంది. దాన్ని నడిపిస్తే కాలంలోని క్షణాలన్నీ ఒకేసారి ఉంటాయి. జరిగిపోయినదంటూ ఉండదు, జరగబోయేదంటూ ఉండదు. బిడ్డను పోగొట్టుకున్న ఒక తల్లి ఆ యంత్రం ముందు కూర్చుంటుంది. మీట నొక్కుతుంది. తర్వాతి వాక్యం ఇలా మొదలవుతుంది: “అప్పుడు ఆమెకు...”

నేను అక్కడే ఆగిపోయాను. ఆ “అప్పుడు” ఎక్కడి నుంచి వచ్చింది? క్షణాలన్నీ ఒకేసారి ఉన్న చోట మీట నొక్కడానికి ముందు, నొక్కిన తర్వాత అని రెండు భాగాలు ఉండకూడదు కదా. ఆ మాట దగ్గర కథ తన యంత్రాన్ని తానే నమ్మలేదు. తప్పు పట్టడానికి ఈ మాట అనడం లేదు. ఆ వాక్యాన్ని నేను కూడా రాసి చూశాను. నాలుగు సార్లు రాశాను. ఒకసారి “వెంటనే” వచ్చింది, ఒకసారి “ఇంతలో” వచ్చింది, ఇంకోసారి “క్రమంగా” అని రాసి కొట్టేశాను. నాలుగోసారి ఏ మాటా లేకుండా రాశాను, కానీ పేరాలో ఒక వాక్యం కింద ఇంకో వాక్యం వచ్చింది కనుక చదివేవాళ్లు “అప్పుడు”ను తామే చేర్చుకుని చదువుకుంటారు. ఈరోజు నా ప్రసంగమంతా ఆ ఒక్క మాట గురించే అనుకోండి.

ముందుగా ఒక సంగతి తేల్చుకుందాం. అసలు అలాంటి యంత్రం అవసరమా? క్షణాలన్నీ ఇప్పటికే ఉన్నాయేమో! ఇది కవులు మాత్రమే అడిగిన ప్రశ్న కాదు. 1905లో ఐన్‌స్టీన్ ప్రత్యేక సాపేక్ష సిద్ధాంతం ప్రకటించినప్పుడు “ఏకకాలంలో” అనే మాటకు ఉన్న గట్టి పునాది కదిలింది. దూరంగా ఉన్న రెండు సంఘటనలు ఒకేసారి జరిగాయా లేదా అన్నది చూసేవాళ్ల కదలికను బట్టి మారుతుంది. మూడేళ్ల తర్వాత, 1908 సెప్టెంబరులో, హెర్మాన్ మింకోవ్‌స్కీ అనే గణితవేత్త కొలోన్ నగరంలో ఒక ఉపన్యాసం ఇచ్చాడు. ఇకపై స్థలం విడిగా, కాలం విడిగా వట్టి నీడలుగా మిగిలిపోతాయని, ఆ రెండూ కలిసిన ఒకే ఒక్కటి నిలుస్తుందని చెప్పాడు. కొన్ని నెలలకే, 1909 జనవరిలో, నలభై నాలుగేళ్ల వయసులో చనిపోయాడు. ఆయన గీసిన పటంలో నిన్న, నేడు, రేపు అనేవి ఒక భవనంలోని గదుల్లాంటివి. నేను ఈ గదిలో ఉన్నంత మాత్రాన పక్క గది లేకుండా పోదు.

ఇది ఎంత విచిత్రమో తెలియాలంటే ఒక చిన్న లెక్క వేసి చూడాలి. ఆండ్రోమెడా గెలాక్సీ మనకు సుమారు 25 లక్షల కాంతి సంవత్సరాల దూరంలో ఉంది. మీరు నిలబడి ఉన్నారు. మీ పక్క నుంచి ఒకరు అటువైపుగా, గంటకు అయిదు కిలోమీటర్ల మామూలు నడకతో వెళ్తున్నారు. మీరిద్దరూ ఒకరినొకరు దాటిన క్షణంలో “ఆండ్రోమెడాలో ఇప్పుడు ఏం జరుగుతోంది?” అని అడిగితే, మీ “ఇప్పుడు”కూ ఆ నడిచే మనిషి “ఇప్పుడు”కూ మధ్య సుమారు నాలుగు రోజుల తేడా వస్తుంది. మీ లెక్కలో ఇంకా జరగని నాలుగు రోజులు ఆ మనిషి లెక్కలో జరిగిపోయాయి. ఇద్దరి లెక్కలూ సరైనవే. వేగాన్ని దూరంతో గుణించి కాంతి వేగపు వర్గంతో భాగిస్తే వచ్చే లెక్క ఇది, మీరే ఇంటికి వెళ్లి చేసుకోవచ్చు. అక్కడి నుంచి వార్త రావడానికి ఎలాగూ 25 లక్షల ఏళ్లు పడుతుంది కనుక మనకు దీనివల్ల ఏ భవిష్యత్తూ తెలియదు. కానీ విశ్వమంతటికీ చెల్లే ఒకే “ఇప్పుడు” లేదని మాత్రం తేలిపోతుంది.

ఇదంతా కాగితం మీది మాట అనుకోకండి. 1971లో హాఫెలే, కీటింగ్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు పరమాణు గడియారాలను ప్రయాణికుల విమానాల్లో పెట్టుకుని భూమిని చుట్టి వచ్చారు. నేల మీది గడియారంతో పోలిస్తే తూర్పుగా వెళ్లినవి సుమారు 59 నానోసెకన్లు వెనకబడ్డాయి, పడమరగా వెళ్లినవి సుమారు 273 నానోసెకన్లు ముందుకు వెళ్లాయి. మీ ఫోనులో దారి చూపించే జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు నేల మీది వాటికంటే రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. ఆ తేడాను సరిచేయకపోతే ఒక్క రోజులోనే అది చూపించే చోటు కిలోమీటర్ల కొద్దీ తప్పుతుంది.

అందుకే చాలామంది భౌతిక శాస్త్రవేత్తలు, తాత్వికులు క్షణాలన్నిటికీ సమానమైన ఉనికి ఉందని అంటారు. ఒప్పుకోనివాళ్లూ ఉన్నారు, ఆ వాదం ఇంకా తెగలేదు. ఐన్‌స్టీన్ తన ప్రాణ స్నేహితుడు మికేలే బెస్సో 1955 మార్చిలో చనిపోయినప్పుడు ఆయన కుటుంబానికి ఒక ఉత్తరం రాశాడు. భౌతిక శాస్త్రాన్ని నమ్మే మాకు భూత వర్తమాన భవిష్యత్తుల మధ్య భేదం ఎంతకీ వదలని ఒక భ్రాంతి మాత్రమే అన్నది దాని సారాంశం. ఈ మాటను చాలా చోట్ల శాస్త్ర సత్యంలా ఎత్తి చూపిస్తారు. నాకు అది సరికాదనిపిస్తుంది. అది ఓదార్పు ఉత్తరం. డెబ్బై ఆరేళ్ల మనిషి, తాను కూడా దగ్గర పడ్డానని తెలిసినవాడు, దుఃఖంలో ఉన్న ఇంటికి రాసింది. మరో అయిదు వారాలు నిండక ముందే ఆయనా వెళ్లిపోయాడు. ఆ ఐన్‌స్టీనే మరో సందర్భంలో, “ఇప్పుడు” అనే విషయం తనను తీవ్రంగా కలవరపెడుతోందని, మనిషికి దానికున్న ప్రత్యేకత భౌతిక శాస్త్రానికి అందడం లేదని తాత్వికుడు రుడాల్ఫ్ కార్నప్‌తో అన్నాడు. కార్నప్ దాన్ని తన ఆత్మకథలో రాసుకున్నాడు. ఓదార్చడానికి ఒక మాట సరిపోయింది కానీ, ఆయన మనసుకు ఆ మాట పూర్తిగా సరిపోలేదన్నమాట.

సరే, మన యంత్రం దగ్గరకు వద్దాం. “అన్ని క్షణాలూ ఉన్నాయి” అనడం ఒకటి, “అన్ని క్షణాలూ ఒకేసారి ఉన్నాయి” అనడం ఇంకొకటి. మీ కథల్లో ఈ రెండూ కలిసిపోతున్నాయి. దేశపటంలో ఊళ్లన్నీ ఉంటాయి, అంత మాత్రాన అన్నీ ఒకే చోట ఉండవు. వాటి మధ్య దూరం ఉంటుంది, దారి ఉంటుంది. ఊళ్లన్నిటినీ తెచ్చి ఒకే చుక్క మీద పెడితే పటం మిగలదు. మింకోవ్‌స్కీ చూపించింది పటాన్ని. మీ కథల్లోని యంత్రం చుక్కను తయారు చేస్తోంది. ఈ తేడా చాలా ముఖ్యం, దీని మీదే కాస్త నిలబడాలని ఉంది, ఎందుకంటే చుక్కను తయారు చేసే యంత్రం నిజంగానే ఒకటి ఉండేది. అది ఏం చేసిందో మనకు తెలుసు.

1838లో లూయీ డగేర్ ప్యారిస్‌లో ఒక పై అంతస్తు కిటికీలోంచి కింద ఉన్న వీధిని ఫోటో తీశాడు. ఆ వీధి పేరు బులవార్ దు తాంప్ల్. వెండి పూత పూసిన రాగి రేకు మీద వెలుగు ముద్ర పడడానికి ఆ రోజుల్లో నిమిషాలు పట్టేది. అంటే ఆ రేకు మీద ఒక క్షణం కాదు, కొన్ని నిమిషాల్లోని క్షణాలన్నీ ఒకదాని మీద ఒకటి పడ్డాయి. మన యంత్రం చేయాలనుకున్న పనిని చిన్న మోతాదులో అది చేసింది. ఆ ఫోటోను ఎప్పుడైనా తీరిగ్గా చూడండి. మేడలు ఉన్నాయి, చెట్ల వరస ఉంది, పొగ గొట్టాలు ఉన్నాయి, రాతి బాట ఉంది. గుర్రపు బళ్లతో, మనుషులతో కిటకిటలాడే ఆ వీధి మాత్రం ఖాళీగా ఉంది. కదులుతున్న ప్రతి ప్రాణీ చెరిగిపోయింది. ఎడమవైపు కింది మూలన ఒక మనిషి మాత్రం మిగిలాడు. ఒక కాలు ఎత్తి పెట్టి, బూట్లకు పాలిష్ పెట్టించుకుంటూ కాసేపు కదలకుండా నిలబడ్డాడు. కాబట్టి నిలిచాడు. పాలిష్ పెడుతున్న మనిషి కదులుతూ ఉన్నాడు కనుక మసగ్గా ఉన్నాడు. ఫోటోలో కనిపించిన తొలి మనుషులు వీళ్లేనని చెబుతారు. వాళ్లెవరో ఎవరికీ తెలియదు.

నేను ఆ ఫోటోను చాలాసార్లు చూశాను. ప్రతిసారీ నా కళ్లు ఆ ఇద్దరి మీదకే పోతాయి, తర్వాత ఖాళీ బాట మీదకు వస్తాయి. అక్కడ ఎంతమంది నడిచి ఉంటారు! వాళ్ల మీద పడి తిరిగిన వెలుగు కూడా ఆ రేకును తాకింది. ఎవరిదీ పోలేదు, అందరిదీ ఉంది. కానీ అందరిదీ ఒకే చోట ఉంది కనుక ఎవరూ లేరు. యంత్రం నడిపిన తల్లికి కనిపించేది ఇదే అని నాకనిపిస్తుంది. బిడ్డ ఆడుకున్న గది గోడలు కనిపిస్తాయి. బిడ్డ కనిపించదు, ఎందుకంటే బిడ్డ ఒక్క చోట ఆగిందెప్పుడు?

దీనికి విరుగుడు కనుక్కున్నవాడూ ఉన్నాడు. ఎటియెన్ జూల్ మారే అనే ఫ్రెంచి శరీర శాస్త్రవేత్త 1880ల్లో ఒకే ఫోటో ప్లేటు మీద కదలికలోని వరస క్షణాలను విడివిడిగా పట్టే పద్ధతి కనుక్కున్నాడు. ఎగిరే పక్షులను, నడిచే మనుషులను అలా తీశాడు. అయితే మనిషి నడకను తీయబోయేసరికి బొమ్మలు ఒకదాని మీద ఒకటి పడి అలుక్కుపోయాయి. అప్పుడాయన ఏం చేశాడంటే, నడిచే మనిషికి ఒళ్లంతా కప్పే నల్ల దుస్తులు తొడిగి, కాళ్ల పొడవునా, చేతుల పొడవునా తెల్లటి పట్టీలు అతికించి, నల్లటి గోడ ముందు నడిపించాడు. ప్లేటు మీద మనిషి మాయమై గీతలు మాత్రం మిగిలాయి. ఆ గీతలు ఎంత అందంగా ఉంటాయో చెప్పలేను, విసనకర్ర విప్పినట్టు ఉంటాయి. నడక మొత్తం ఒక్క చూపులో దొరుకుతుంది. కానీ ముఖం లేదు. క్షణాలన్నీ పక్కపక్కన నిలవాలంటే మనిషిలో చాలా భాగాన్ని చీకట్లో దాచాల్సి వచ్చింది.

సినిమా రీలును ఉదాహరణగా తీసుకోవచ్చు కదా అని నిన్న ఒకరు అడిగారు. రీలు మీద బొమ్మలన్నీ ఒకేసారి ఉంటాయి, ఒక్కొక్కటే దీపం ముందుకు వస్తుంది, నిజమే. అయితే ఆ రీలు కదలడానికి ఇంకో కాలం కావాలి, ఆ కాలానికి ఇంకో రీలు కావాలి. అక్కడితో ఆ ఉదాహరణ ఆగిపోతుంది.

మరి దీన్ని ఏ భాషలో రాయాలి? ఇక్కడ మన తెలుగుకు ఒక సదుపాయం ఉంది. చిన్నయసూరి బాలవ్యాకరణంలో క్రియలకు వర్తమాన, భూత, భవిష్యత్తులతో పాటు తద్ధర్మం అని నాలుగోది ఉంది. కాలంతో పని లేకుండా ఒకదాని స్వభావాన్ని చెప్పేది తద్ధర్మం. “సూర్యుడు తూర్పున ఉదయించును” అంటే నిన్నటి మాటా కాదు, రేపటి మాటా కాదు. “పారే నీరు” అన్నప్పుడు ఏ నీరు? ఇప్పుడు పారుతున్నదా, నిన్న పారినదా? మాటకు ఆ పట్టింపు లేదు. ఇవాళ మనం మాట్లాడే భాషలో “వస్తాడు” అన్నా అంతే. రోజూ వస్తాడు, రేపు వస్తాడు, రెండిటికీ అదే మాట. బడిలో మూడు కాలాలని నేర్చుకుంటాం కానీ, కాలం అంటని ఒక క్రియ మన నోట్లో రోజంతా ఆడుతూనే ఉంటుంది. నేను ఆ అమ్మాయికి చెప్పింది ఇదే. మీట నొక్కే వరకు భూతకాలంలో రాయి, ఆ తర్వాత వచ్చేదంతా తద్ధర్మంలో రాసి చూడు అన్నాను. “బిడ్డ నవ్వింది” వద్దు, “నవ్వే బిడ్డ” అని రాయమన్నాను. అలా రాస్తే “అప్పుడు” దానంతట అదే రాలిపోతుంది.

అలా చెప్పిన రోజు రాత్రి నాకు నిద్ర పట్టలేదు. కారణం చెబుతాను.

మా నాన్న చివరి పదకొండు రోజులు ఇంట్లోనే గడిచాయి. మింగడం కష్టమైంది. నేను చెంచాతో నీళ్లు తీసుకుని పెదవుల మధ్య వదిలేవాడిని. ఆ నీళ్లు లోపలికి వెళ్లడానికి ఎంతో సేపు పట్టేది, ఒక్కోసారి పక్కకు కారిపోయేవి, గుడ్డతో తుడిచేవాడిని. రాత్రిళ్లు ఊపిరి కోసం ఆయన పడిన బాధ ఇంకా నా చెవుల్లో ఉంది. పన్నెండో రోజు తెల్లవారుజామున ఆ చప్పుడు ఆగింది. నాకు ముందుగా వచ్చింది ఏడుపు కాదు. “హమ్మయ్య, నాన్న బాధ అయిపోయింది” అనుకున్నాను. ఆ తర్వాతే ఏడ్చాను.

1959లో ఆర్థర్ ప్రయర్ అనే న్యూజీలాండ్ తాత్వికుడు సరిగ్గా ఈ మాట గురించే ఒక వ్యాసం రాశాడు. బాధ తగ్గాక మనిషి “హమ్మయ్య, అయిపోయింది” అంటాడు. దేనికి సంతోషిస్తున్నాడు? ఫలానా తేదీన బాధ ముగుస్తుందన్న నిజానికి కాదు, ఎందుకంటే ఆ నిజం బాధ పడుతున్నప్పుడు కూడా నిజమే, అప్పుడది ఊరట ఇవ్వలేదు. బాధ ఇప్పుడు గతంలోకి వెళ్లిపోయిందని సంతోషిస్తున్నాడు. క్షణాలన్నీ సమానంగా ఉండే లోకంలో ఆ “వెళ్లిపోవడం” ఎక్కడుంది అని ప్రయర్ అడిగాడు. దీనికి అవతలి వాళ్ల జవాబు కూడా ఉంది. బాధకు అవతలి వైపున ఉన్న మనిషి ఊరట పొందుతాడు, పటంలో ఆ ఊరటకూ ఒక చోటు ఉంది, అంతకంటే ఏం కావాలి అంటారు. తర్కానికి ఆ జవాబు సరిపోతుంది. నాకు మాత్రం సరిపోవడం లేదు.

ఎందుకంటే, “నాన్న ఎక్కడికీ పోలేదు, ఆయన ఉన్న క్షణాలన్నీ ఉన్నాయి” అని నన్ను నేను ఓదార్చుకుంటే, ఆ పదకొండు రాత్రులు కూడా ఉన్నాయి. ఆయన నన్ను భుజాల మీద ఎక్కించుకున్న సాయంత్రం ఎంత గట్టిగా ఉందో, ఆ ఊపిరి చప్పుడూ అంతే గట్టిగా ఉంది. ఒకదాన్ని ఉంచి ఇంకోదాన్ని తీసేసే వీలు ఆ యంత్రానికి లేదు. నేను చివరి రోజున ఆయన బాధ ముగిసిందని అనుకున్నాను. తద్ధర్మంలో ముగియడం ఉండదు. “మూలిగే నాన్న” అని రాస్తే ఆ మాటకు చివర లేదు.

మీ కథల్లో దాదాపు అన్నిటిలోనూ ఈ యంత్రం ఓదార్పుగానే వచ్చింది. పోయినవాళ్లు దొరుకుతారు, చిన్నతనం దొరుకుతుంది, చెప్పలేకపోయిన మాట చెప్పే అవకాశం దొరుకుతుంది. నాకు ఆ కోరిక అర్థమవుతుంది, నాకూ ఉంది. కానీ ఆ యంత్రం ఉన్న లోకంలో “క్షమించాను” అనే మాటకు అర్థం ఏమవుతుందో ఒక్కరూ రాయలేదు. దెబ్బ కొట్టిన చెయ్యి ఇంకా కొడుతూనే ఉండగా క్షమించడం ఎలా? మాట ఇవ్వడం ఏమవుతుంది? ఇచ్చిన మాట తప్పిన క్షణం పక్కనే కనిపిస్తుండగా మాట ఇచ్చేవాడి గొంతు ఎలా ఉంటుంది? శిక్ష అనుభవించి బయటికి వచ్చిన మనిషిని లోకం ఏ మొహంతో చూస్తుంది? ఇవి రాయండి. సమీకరణాల్లో ఇవి దొరకవు, ఇవి మనుషులతో కథలు రాసేవాళ్లు తేల్చాల్సినవి.

ఆ అమ్మాయి నిన్న రాత్రి కొత్త ప్రతి తెచ్చి ఇచ్చింది. నేను చెప్పిన తద్ధర్మాన్ని కొన్ని పేజీల్లో వాడి, చివరికి వదిలేసింది. మంచి పని చేసింది. మారే ప్లేటు, డగేర్ వీధి గురించి నేను చెప్పినవి మాత్రం పట్టుకుంది. కొత్త కథలో బిడ్డ బతికే ఉంది, తల్లికి జబ్బు. యంత్రం ఇంకా తయారు కాలేదు, ఎప్పటికో వస్తుందని అందరూ అనుకుంటున్నారు. యంత్రంలో కదలనివాళ్లే కనిపిస్తారని తల్లికి ఎవరో చెప్పారు. అందుకని ఆమె ప్రతి సాయంత్రం కిటికీ పక్కన ఒకే కుర్చీలో, ఒకే వైపు ముఖం పెట్టుకుని, గంటసేపు కదలకుండా కూర్చుంటుంది. బిడ్డ వచ్చి చీర కొంగు లాగుతుంది, ఆడుకుందాం రమ్మంటుంది. తల్లి కదలదు. పద్దెనిమిదో రోజున బిడ్డ లాగీ లాగీ విసిగి, నేల మీద కూర్చుని ఏడుపు మొదలుపెడుతుంది. తల్లి కిటికీ వైపే చూస్తూ కాసేపు ఉంటుంది. తర్వాత లేచి వెళ్లి బిడ్డను ఎత్తుకుంటుంది.

ఆ వాక్యం “అప్పుడు” అనే మాటతోనే మొదలవుతుంది. నేను దాన్ని కొట్టేయలేదు.

ఇక మీరు అడగాలనుకున్నవి అడగండి.